పెద్దకర్మ కార్డులో లేని పేరు

ఎవరిదైనా పెద్దకర్మ కార్డు ఇంటికొస్తే మా ఆవిడ భోజనాలు ఎక్కడో చూస్తుంది. నేనైతే మనిషి పోయిన తేదీ చూస్తాను. తర్వాత కిందికి దిగి భార్య, కుమారులు, కోడళ్లు, కుమార్తెలు, అల్లుళ్లు అని అచ్చేసిన పేర్లన్నీ చదివి, కార్డు మడిచి చొక్కా జేబులో పెట్టుకుంటాను. పొద్దున్నే ఈ చావుల లెక్కేమిటని ఆవిడ విసుక్కుంటుంది. ఏం చెయ్యను, వకీలు గుమస్తాని. ఆ పోయినాయన మా కట్టల్లో ఎక్కడో వాదో ప్రతివాదో అయి ఉంటే, ఆ కార్డు నాకు సగం పిటిషన్.

1988లో చేరానీ పనిలో. ఇంటరు అయింది, డిగ్రీకి డబ్బుల్లేవు. గుడ్లవల్లేరు స్టేషన్లో పాసింజరు ఎక్కితే ఒక పక్క గుడివాడ. ఇంకో పక్క కవుతరం, వడ్లమన్నాడు, పెడన, చిలకలపూడి దాటితే బందరు. గుడివాడలో మున్సిఫు కోర్టు, సబ్‌కోర్టు పనులు. అప్పీలుంటే బందరులో జిల్లా కోర్టు. వకాల్తాకి స్టాంపు అంటించడం, నకళ్లకి అప్లికేషన్ పెట్టడం, సమన్లకి బేటా కట్టడం, అమీనా వెంట ఊళ్లు తిరగడం. కాగితం ఏ రోజుకి ఏ బల్ల మీద ఉండాలో ఆ రోజుకి ఆ బల్ల మీద ఉండేలా చూసుకోవడమే మా విద్య. నాకది నేర్పినవారు ఇద్దరు. ఒకరు మా వకీలుగారు, ఆఫీసులో అందరికీ అయ్యగారు. రెండోవారు ఆయన దగ్గర అప్పటికే పాతికేళ్లు చేసిన పెద్ద గుమస్తాగారు, కవుతరం మనిషి. చట్టం అయ్యగారు చెబితే, ఆ చట్టం ఏ రోజు కాటేస్తుందో పెద్దాయన చెప్పేవారు.

మొదటి పాఠం ఇదీ. మీరూ రాసుకోండి. దావా నడుస్తుండగా మనిషి పోతే దావా పోదు. దావా వేసే హక్కు మిగిలి ఉన్నంతకాలం కేసు బతికే ఉంటుంది. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 22వ ఆర్డరు మొత్తం ఈ సంగతే. కాకపోతే పోయినాయన స్థానంలో ఆయన చట్టబద్ధ ప్రతినిధుల్ని, మా భాషలో ఎల్ఆర్‌లని, రికార్డులోకి తేవాలి. గడువు 90 రోజులు. చనిపోయిన రోజు నుంచి లెక్క, మనకి కబురు తెలిసిన రోజు నుంచి అనుకుంటే మునిగినట్టే. 90 దాటితే ఎవరూ ఉత్తర్వు ఇవ్వక్కర్లేదు, ఆ మనిషి మేరకు దావా దానంతటదే అబేట్ అవుతుంది, అంటే రద్దయిపోతుంది. దాన్ని సెట్ ఎసైడ్ చేయించుకోవడానికి ఇంకో 60 రోజులు. ఆ 150 కూడా దాటితే ఆలస్యం మన్నించమని ఇంకో పిటిషన్, రోజురోజుకీ సంజాయిషీ చెబుతూ అఫిడవిట్. ఒక్క పిటిషన్‌తో పోయే పని మూడు పిటిషన్లవుతుంది. క్లయింటు ముందు మూడు ఫీజులవుతుంది.

పెద్దాయన డైరీలో తొంభయ్యో రోజు ఎక్కడా ఉండేది కాదు. డెబ్బై అయిదో రోజు మీద ఎర్రసిరాతో సున్నా చుట్టేవారు. ‘‘తొంభయ్యో రోజు రాసుకున్నవాడు తొంభయ్యొకటో రోజు కోర్టుకెళతాడురా’’ అనేవారు. ఆ పదిహేను రోజులూ ఎందుకో అనుభవం మీద తెలిసింది. పంచాయతీలో మరణ ధ్రువపత్రం ఆలస్యమవుతుంది. తాసిల్దారు ఆఫీసులో ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌కి విచారణ అంటారు. ఒక కొడుకు హైదరాబాదులో, ఒక కూతురు టెక్సాసులో ఉంటారు. మధ్యలో కోర్టుకి సెలవులొస్తాయి.

నా మొదటి ఘనకార్యం వినండి. చేరిన రెండో ఏడాది. ప్రోనోటు బాకీ దావా, మూడేళ్ల లిమిటేషన్ మర్నాటితో ఆఖరు. అయ్యగారు డ్రాఫ్టు చెప్పారు, నేను పరుగెత్తి ఫైలు చేసి ఛాతీ విరుచుకుని ఇంటికొచ్చాను. మూడు వారాల తర్వాత అమీనా సమన్లు వెనక్కి పట్టుకొచ్చాడు. వెనక ఎండార్స్‌మెంటు: ప్రతివాది దావా తేదీకి పద్దెనిమిది రోజుల ముందే మరణించినట్లు భార్య చెప్పినది. అంటే చచ్చిపోయినవాడి మీద దావా వేశాం. అలాంటి దావా ఆదిలోనే చెల్లదు. 22వ ఆర్డరు దావా వేశాక పోయినవారికే పనికొస్తుంది, ముందే పోయినవారికి పనికిరాదు. లిమిటేషన్ చూస్తే దాటిపోయింది. నాకు చెమటలు. అయ్యగారు అరవలేదు. పొరపాటు మంచి నమ్మకంతో జరిగిందని చూపించి, కొడుకుల్ని ప్రతివాదులుగా చేర్చమని వేరే దారిలో పిటిషన్ వేసి, లిమిటేషన్ చట్టం 21వ సెక్షను అడ్డుపెట్టి, ఎలాగో గట్టెక్కించారు. అలా చేర్చుకోవడం తప్పు కాదని సుప్రీంకోర్టు 2017లో స్పష్టంగా చెప్పింది. అప్పట్లో మాకా ధీమా లేదు. పెద్దాయన మాత్రం సాయంత్రం టీ తాగుతూ ఒకటే అన్నారు: ‘‘నోటు మీద సంతకం చూశావు. సంతకం పెట్టినవాడు ఉన్నాడో లేడో చూశావా?’’ అప్పటినుంచి దావా వేసేముందు ప్రతివాది ఊరికి ఫోను చేసి, మనిషి తిరుగుతున్నాడా అని అడగందే ప్లెయింటు కోర్టుకి పట్టుకెళ్లను.

ఇక అసలు ప్రశ్న. ఎల్ఆర్ అంటే ఎవరు? మా ఊళ్లల్లో అడిగితే తలకొరివి పెట్టినవాడంటారు. తలకొరివి కర్మకి, ఎల్ఆర్ ఆస్తికి. ఈ రెండూ ఒకే మనిషి కావొచ్చు, కాకపోవచ్చు. కోడ్‌లో 2వ సెక్షను 11వ క్లాజు మూడు రకాల మనుషుల్ని చెబుతుంది. చట్టప్రకారం చనిపోయినవారి ఎస్టేటుకి ప్రతినిధి అయినవారు ఒకటి: వారసులు, వీలునామా ఉంటే ఎగ్జిక్యూటరు, ఆస్తి పొందినవారు. ఆ ఎస్టేటులో చెయ్యిపెట్టి వ్యవహారం నడుపుతున్నవారు రెండు, హక్కు ఉన్నా లేకపోయినా. ఇంకొకరి తరఫున దావాలో ఉన్న మనిషి పోతే ఆ ఎస్టేటు ఎవరికి సంక్రమిస్తుందో వారు మూడు. గుడి మాన్యం దావాలో ధర్మకర్త పోయాడనుకోండి. ఆయన కొడుకుల్ని చేర్చడం కాదు, తర్వాత ధర్మకర్తని చేర్చాలి. నేనొకసారి కొడుకుల పేర్లు రాసుకొస్తే పెద్దాయన కాగితం నిలువునా చింపేశారు.

వారసుల్ని రాసేటప్పుడు మొదట అడగాల్సింది మతం. బందరులో ముస్లిం కుటుంబాలున్నాయి, గుడివాడ చుట్టుపక్కల క్రైస్తవ కుటుంబాలున్నాయి, ఎవరి చట్టం వారిది. హిందువైతే 1956 నాటి వారసత్వ చట్టం. మగవాడు వీలునామా రాయకుండా పోతే కొడుకులు, కూతుళ్లు, భార్య, తల్లి మొదటి తరగతి వారసులు. తల్లిని మర్చిపోవడం కొత్త గుమస్తాలందరూ చేసే తప్పు. కొడుకు పోయి తల్లి బతికుంటే ఆమె పేరు ఉండాల్సిందే. తండ్రి బతికున్నా ఆ మొదటి తరగతిలో లేడు. ఆడమనిషి పోతే కొడుకులు, కూతుళ్లు, భర్త. పిల్లల్లేని ఆడమనిషికి పుట్టింటి నుంచి వారసత్వంగా వచ్చిన పొలమైతే అది మళ్లీ తండ్రి వారసులకే పోతుంది. భర్త వైపు వాళ్లని రాసి తన్నులు తిన్నవాళ్లని చూశాను.

కూతుళ్ల సంగతి కొంచెం ఆగి చెప్పాలి. నేను చేరిన కొత్తలో ‘‘ఆడపిల్లలకి పసుపు కుంకుమ కింద ఇచ్చేశాం గదండీ, వాళ్ల పేర్లెందుకు’’ అనే మాట ప్రతి ఇంట్లోనూ వినేవాణ్ణి. తండ్రి స్వార్జితంలో, తండ్రి వాటాలో 1956 నుంచీ కూతురు వారసురాలే. ఉమ్మడి ఆస్తిలో కూడా కొడుకుతో సమానంగా కూతురికి పుట్టుకతో హక్కు ఇచ్చింది ఎన్టీఆర్ ప్రభుత్వం. ఆయన నిమ్మకూరులో పుట్టినవాడు, మా గుడివాడ నుంచి గెలిచినవాడు. ఆ సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి అమలు, ఆ తేదీకి పెళ్లికాని కూతుళ్లకి. కేంద్రం 2005 సెప్టెంబరు 9న దేశమంతా తెచ్చింది. ఆ రోజుకి తండ్రి బతికుండక్కర్లేదని సుప్రీంకోర్టు 2020 ఆగస్టు 11న తేల్చింది. అందుకే కూతురి పెళ్లి తేదీ అడిగి రాసుకోవడం మా పనిలో భాగమైంది. పేరెందుకు అని ఎవరు గొణిగినా సరే, పేరు రాసేసి రండి. హక్కుందో లేదో కోర్టు చూసుకుంటుంది. పేరు లేకపోతే చూడ్డానికి ఏమీ ఉండదు.

ఇప్పుడు శీర్షికలో ఉన్న తప్పు. మేము వాది తరఫు. ప్రతివాది పోయాడు. కార్డు జేబులో ఉంది కదా అని ధీమా. అందులో ఉన్న భార్య, ఇద్దరు కొడుకులు, ఒక కూతురి పేర్లు ఉన్నవున్నట్టు పిటిషన్‌లోకి ఎక్కించాను. ఎవరినీ వాకబు చేయలేదు. సాక్ష్యాలయ్యాయి, వాదనల దశ వచ్చింది. ఆ రోజు అవతలి వకీలు నింపాదిగా లేచి, మొదటి భార్యకి పుట్టిన కూతురొకామె దివిసీమలో ఉందనీ, ఆమెను చేర్చలేదనీ మెమో వేశాడు. ఆమె తల్లి చనిపోయాక మేనమామల ఇంట పెరిగింది. రెండో సంసారం వాళ్లు కార్డులో ఆమె పేరు వెయ్యలేదు. ఆ మెమో వేసినవాళ్లే ఆ పేరు ఎగ్గొట్టినవాళ్లు, చూడండి లౌక్యం. నిజాయితీగా వాకబు చేసి తెలిసినవాళ్లందరినీ చేర్చి ఉంటే, ఒక పేరు తప్పినా మిగతావారు ఎస్టేటుకి ప్రతినిధులే అని సుప్రీంకోర్టు 1965లోనే చెప్పింది. కానీ అందులో ముఖ్యమైన మాట వాకబు. నేను వాకబు చేసిందెక్కడ? పెళ్లిభోజనం పిలుపులా కార్డు నమ్మాను. ఆలస్యం మన్నించే పిటిషన్ వేసి, ఖర్చులు కట్టి, ఆమెను చేర్చాం. అవనిగడ్డ బస్సు దిగి ఆమె ఇంటికి నోటీసు వెంట నేనే వెళ్లాను. ఆమె కాగితం తీసుకుని తండ్రి పేరు మీద వేలు పెట్టి, ‘‘నాన్న పోయారని ఎవరూ చెప్పలేదండీ’’ అంది. ఆ గడపలో నిలబడి నాకు మాట రాలేదు. ఆ రోజు నుంచి కార్డు చూడగానే నా మొదటి ప్రశ్న, ఇందులో లేనివాళ్లు ఎవరని.

ఎలా వాకబు చేయాలో చెబుతాను. తాసిల్దారు సర్టిఫికెట్ ఒక్కటే చాలదు, అది ఇంటివాళ్లు చెప్పిందే. రేషన్ కార్డు పాతది అడగండి. రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఆయన అమ్మిన పాత దస్తావేజుల్లో ఎవరెవరు సంతకాలు పెట్టారో నకళ్లు తీయండి, కూతుళ్లు అక్కడ దొరుకుతారు. ఊళ్లో మంగలినీ, చాకలినీ, పురోహితుణ్ణీ అడగండి. వాళ్లకి తెలియని సంసారం ఉండదు. మైనర్లుంటే గార్డియన్ పిటిషన్ మర్చిపోవద్దు, ఆ గార్డియన్‌కి పిల్లవాడి వాటాతో పోటీ ఉండకూడదు. ఎల్ఆర్‌లు అందరూ ఇప్పటికే ఆ దావాలో పార్టీలుగా ఉంటే కొత్తగా చేర్చే పనిలేదు, వీరినే ఎల్ఆర్‌లుగా నమోదు చేయండని ఒక్క మెమో చాలు. హాజరుకాకుండా ఎక్స్‌పార్టీ అయిన ప్రతివాది పోతే, ఎల్ఆర్‌లు అక్కర్లేకుండా మినహాయింపు అడగొచ్చు. తీర్పుకి ముందే అడగాలి, తర్వాత అడిగితే రాదు. వాదనలు ముగిసి తీర్పుకి పెట్టాక మనిషి పోతే కంగారుపడొద్దు, దావా అబేట్ కాదు.

తప్పులే చెబుతున్నాను, ఒక గెలుపు కూడా చెప్పుకోనివ్వండి. పొలం స్వాధీనం దావా. ప్రతివాది పిల్లల్లేని ముసలామె, మధ్యలో పోయింది. మేము వాదిపక్షం. అటువైపు వకీలు, ఆమెకి ఎవరూ లేరు, నాకు సమాచారం లేదు అన్నాడు. చనిపోయిన కక్షిదారు సంగతి తనకు తెలిస్తే కోర్టుకి చెప్పడం వకీలు బాధ్యత అని 1976 సవరణలో నియమం చేరింది. ఆయన చెప్పింది మాత్రం అంతే. రోజులు గడుస్తున్నాయి. సార్వా కోతలు వచ్చాయి. నేను పొలం గట్టు మీద కూర్చుని, ధాన్యం ఎక్కడికి వెళ్తుందో చూశాను. రైసు మిల్లులో తూకం చీటీ ఎవరి పేరున రాశారో గుమస్తాని బతిమాలి చూశాను. ఆమె ఆడపడుచు కొడుకు పేరున ఉంది. రెండు పంటలుగా కౌలు గింజలు కూడా అతనే తీసుకుంటున్నాడని కౌలుదారు చెప్పాడు. నాకు మిరపకాయ నమిలినంత హుషారొచ్చింది. అతను వారసుడో కాదో తర్వాతి సంగతి, ఎస్టేటులో చెయ్యి పెట్టాడు, ఆ చెయ్యే అతన్ని ఎల్ఆర్‌ని చేసింది. ఎల్ఆర్ అనే మాట వారసులకే పరిమితం కాదని సుప్రీంకోర్టు 1989లో ఒక గోవా బ్యాంకు కేసులో చెప్పింది. అయ్యగారు ఆ తీర్పు పెట్టి వాదించారు. పిటిషన్ అలౌ అయింది. ఆ సాయంత్రం పెద్దాయన బందరు హల్వా పొట్లం తెచ్చి నా బల్ల మీద పెట్టి, ‘‘రేపట్నుంచి ఎల్ఆర్ అఫిడవిట్లు నువ్వే డ్రాఫ్టు రాయి’’ అన్నారు. నా ఉద్యోగంలో ప్రమోషన్ అంటే అదే.

ఎవరూ లేకపోతే? అసలు ఒక్క వారసుడూ మిగలకపోతే ఆస్తి ప్రభుత్వానికి పోతుంది. కోర్టు అడ్మినిస్ట్రేటర్ జనరల్‌నో, కోర్టు అధికారినో ఎస్టేటు తరఫున నియమించి దావా నడపొచ్చు. ఈ విషయంలో దేశానికి దారి చూపిన కేసుల్లో ఒకటి మన బందరుదే. మసూలిపట్నం కలెక్టరుకూ, కావలి వెంకట నారాయణప్పకూ మధ్య నడిచిన కేసు లండన్‌లో ప్రివీ కౌన్సిల్ దాకా వెళ్లింది. బ్రాహ్మణుడి ఆస్తిని రాజు తీసుకోకూడదన్న ధర్మశాస్త్రం మాట అడ్డు రాదనీ, వారసులు లేని ఆస్తి సర్కారుకే చేరుతుందనీ 1860 ప్రాంతంలో తీర్పొచ్చింది. బందరు జిల్లా కోర్టు వరండాలో నిలబడ్డప్పుడల్లా ఆ కలెక్టరు గుర్తొస్తాడు. ఆయన కూడా ఎవరి తర్వాత ఎవరు అని లెక్కలు చూసుకునే ఉంటాడు, మాలాగే.

లెక్కలంటే, పెద్దాయన చెప్పిన ఉప్పెన లెక్క ఇంతవరకు మర్చిపోలేదు. 1977 నవంబరు 19 రాత్రి దివిసీమ మీద సముద్రం లేచింది. వేలమంది పోయారు. తనఖా దావా ఒకటి అప్పటికే నడుస్తోంది. నాగాయలంక వైపు కుటుంబం. తండ్రి ప్రతివాది. ఆ రాత్రి తండ్రి, తల్లి, పదేళ్ల కొడుకు ముగ్గురూ కొట్టుకుపోయారు. తండ్రి శవం దొరకలేదు. పొలం మీద తండ్రి తమ్ముడు వచ్చి దిగాడు, నేనే వారసుణ్ణి అన్నాడు. ఎవరు ముందు పోయారో చెప్పడానికి ఆ ఇంట్లో ఎవరూ మిగల్లేదు. వారసత్వ చట్టం 21వ సెక్షను ఇలాంటి రాత్రి కోసమే ఉంది. ఎవరు ముందో తెలియనప్పుడు, వేరే రుజువు లేనంతవరకు, చిన్నవాడు పెద్దవాడి తర్వాతే పోయాడని అనుకోవాలి. ఆ లెక్కన తల్లికి రావాల్సింది కూడా కలిపి తండ్రి ఆస్తి మొదట కొడుక్కి, వేరే ఊళ్లో కాపురం చేస్తున్న పెళ్లయిన కూతురికి వచ్చింది. తర్వాత పిల్లవాడి వాటా కూడా అక్కకే చేరింది. బాబాయి వరస వచ్చేసరికి ఏమీ మిగల్లేదు. శవం లేనప్పుడు చావు ఎలా రుజువవుతుందన్న అడ్డంకి కూడా వచ్చింది. ఏడేళ్లు కనబడకపోతే చనిపోయినట్టు భావించమని సాక్ష్య చట్టం 108వ సెక్షను. 2024 జులై 1న వచ్చిన కొత్త చట్టంలో అది 111. కానీ ఆ రాత్రి ఆయన ఆ ఇంట్లోనే ఉన్నాడని చెప్పే సాక్షులున్నప్పుడు ఏడేళ్లు ఆగక్కర్లేదు. పెద్దాయన బురదలో నడిచి అలాంటి సాక్షులు ఇద్దర్ని పట్టుకున్నారు. ఆయన దాన్ని గొప్పగా చెప్పుకోలేదు. వాళ్లు మాట్లాడతారని రెండు గంటలు పక్కన కూర్చున్నానురా అన్నారు, అంతే.

వీలునామా వస్తే తగువు వేరు. పదకొండో రోజు దాకా లేని వీలునామా పన్నెండో రోజు బయటికొస్తుంది. అప్పుడు ఇద్దరు తయారవుతారు, నేను ఎల్ఆర్ అంటే నేను ఎల్ఆర్ అని. మా జిల్లాలో హిందువుల వీలునామాకి ప్రొబేటు తప్పనిసరి కాదు గనక ఆ తగువు మన దావాలోనే మొదలవుతుంది. ఇద్దర్నీ చేర్చేసి తర్వాత చూసుకుందాం అనే తెలివి చూపించొద్దు. ముందు ఎవరు ప్రతినిధో తేల్చాకే అసలు కేసు వినాలని 2008లో మన రాష్ట్రం నుంచి వెళ్లిన ఒక అప్పీలులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ తేల్చడం కూడా ఆ దావా నడవడం వరకే. అందులో గెలిచినంత మాత్రాన పొలం నీదైపోదు. ఈ ఒక్క ముక్క క్లయింటుకి అర్థమయ్యేలా చెప్పడానికి నాకు సగం జీవితం పట్టింది.

మనిషితోపాటే పోయే కేసులూ ఉన్నాయి. పరువు నష్టం దావా వేసినాయన తీర్పు రాకముందే పోతే ఆ పరువు గొడవ ఆయనతోనే పోతుంది. కొట్లాట కేసులో నష్టపరిహారమూ అంతే. రోడ్డు ప్రమాదంలో మనిషే పోతే మాత్రం ఆయన మీద ఆధారపడ్డవాళ్లు అడగొచ్చు. అల్లుడి మీద ఆధారపడి బతికిన అత్తగారిని కూడా ఎల్ఆర్‌గా సుప్రీంకోర్టు 2021లో ఒప్పుకుంది. పెద్దకర్మ కార్డులో అత్తగారి పేరు ఎవరు వేస్తారు చెప్పండి?

ఇక బాకీల సంగతి. డిక్రీ వచ్చాక బాకీదారు పోతే అప్పులిచ్చినవాళ్లు పెద్దకర్మ పందిట్లోనే కొడుకు చెవిలో చెబుతారు, మీ నాన్న బాకీ ఇక నీదే అని. ఆ కుర్రాడు భయపడి బంగారం అమ్ముతాడు. అమ్మొద్దని చెప్పండి. కోడ్‌లో 50వ సెక్షను ప్రకారం తండ్రి ఆస్తి తన చేతికి ఎంత వచ్చిందో అంతవరకే ఎల్ఆర్ బాధ్యత. తన జీతం మీద, తను కొన్న ఇంటి మీద డిక్రీ అమలు పిటిషన్, అదే ఈ.పి., నడవదు. తండ్రి రుణం తీర్చడం కొడుకు ధర్మం అనే పాత వాదన 2005 సవరణ తర్వాత చేసిన అప్పులకి కోర్టులో చెల్లదు. ఇంకో మాట, ఈ.పి.లో ఎవరు పోయినా 90 రోజుల కత్తి లేదు, ఈ.పి. అబేట్ కాదు.

అమెరికా కుటుంబాలు మాకిప్పుడు సగం పని. తండ్రి జీపీఏ, అంటే జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ, రాసిచ్చి వెళ్లాడు, బావమరిది ఆ కాగితం పట్టుకుని కోర్టుకి తిరుగుతున్నాడు. తండ్రి పోయిన క్షణాన ఆ జీపీఏ కూడా పోయింది. ఆ తర్వాత అతను పెట్టిన సంతకానికి విలువ లేదు. కొడుకు అక్కడి నుంచి వకాల్తా సంతకం చేసి పంపాలి. అది రావడానికి నెల పడుతుంది, డెబ్బై అయిదో రోజు సున్నా అక్కడ ప్రాణం కాపాడుతుంది. హైకోర్టు అప్పీళ్లు ఇంకో తంటా. 1954లో గుంటూరులో, 1956 తర్వాత హైదరాబాదులో, 2019 జనవరి 1 నుంచి అమరావతిలో. కోర్టు మారింది, కట్టలు మారాయి, అప్పీలు నంబరు వచ్చేసరికి ఇద్దరు ముగ్గురు పార్టీలు పోయి ఉంటారు. ఏళ్లు పట్టే అప్పీళ్లలో ఆలస్యాన్ని ఉదారంగా చూడాలని సుప్రీంకోర్టు అంటూనే ఉంది. ఆ ఉదారం మీద బతకడం గుమస్తాతనం కాదు. మూడు నెలలకోసారి ప్రతి అప్పీలు పార్టీకి ఫోను చేయండి.

మూడేళ్ల కిందట పెద్దాయన పోయారు. ఆయనకే గుడివాడ కోర్టులో గట్టు తగాదా ఒకటి నడుస్తోంది, ఆయనే వాది. కార్డు నాకూ వచ్చింది. కొడుకులు, కూతుళ్లు, మనుమలు, అందరి పేర్లూ ఉన్నాయి. అయినా ఇంటికెళ్లి, ఆయన భార్య దగ్గర కూర్చుని అడిగాను: ‘‘పిన్నిగారూ, ఇందులో లేనివాళ్లు ఎవరన్నా ఉన్నారా?’’ ఆవిడ ఏడుస్తూనే నవ్వింది. ఆయన నేర్పిన ప్రశ్నే కదా నాయనా అంది. లేరని చెప్పాకే రాసుకున్నాను. నలభయ్యో రోజుకి పిటిషన్ వేశాను, డెబ్బై అయిదు దాకా ఆగలేదు.

మీకు చెప్పేది ఇదే. పెద్దకర్మకి వెళ్లండి, అన్నం తినండి, పేర్లు రాసుకోండి, లేని పేరు అడగండి. ఆలస్యం చేయకండి. పదకొండో రోజు విస్తరి ముందు కూర్చునేసరికి తొంభైలో పదకొండు అప్పటికే అయిపోయి ఉంటాయి.